సిల్క్ స్మిత

ఏలూరు సమీపమునగల కొవ్వలి గ్రామములో 1960 డిసెంబరు 2వ తేదీన ఒక పేదయింట వడ్లపాటి విజయలక్ష్మి జన్మించెను. నాలుగవ తరగతితోనే చదువు ముగిసెను. చిన్ననాటనే జరిగిన వివాహము సుఖమీయలేదు. మదరాసు చేరి, నటీమణుల ముఖాలంకరణమునకు సహాయకురాలయ్యెను. 1980లో 'వండిచక్కరం' అను తమిళచిత్రమున ధరించిన పాత్ర పేరే 'సిల్క్'గా ఆమెకు స్థిరపడెను.

తక్కిన చిత్రసీమలు ఆమెను చాలవరకు శృంగారనృత్యములకే పరిమితము చేయగా, మలయాళము మరికొంత చోటిచ్చెను. 1989లో 'అథర్వం'లో పొన్నిగా నటించెను. అదే యేట 'లయనం'లో, సంఘము దాచియుంచు స్త్రీవాంఛను ప్రధానపాత్రయందు వెరపులేక ప్రదర్శించెను. 1995లో 'స్ఫటికం'లో లైలా యయ్యెను.

1996 సెప్టెంబరు 23న, ముప్పదియైదవ యేట, చెన్నైలో ఆమె జీవితము విషాదాంతమయ్యెను. ఆమెను చూచుటకు టిక్కెట్టు కొన్న లోకమే ఆమెను చిన్నచూపు చూచెను. ఆ తెలుగుబిడ్డ ఋణము ఇంకను తీరలేదు.