మాటలు రాగానే పాత్ర చేజారింది: నార్వే నటి గ్రెటా నిసెన్ కథ

హోవార్డ్ హ్యూస్ తీసిన ‘హెల్స్ ఏంజెల్స్’ (1930) పేరు చెప్పగానే అందరికీ గుర్తొచ్చేది జీన్ హార్లో. ఆ సినిమాతోనే ఆమె తార అయ్యారు. అయితే అదే పాత్రలో అంతకుముందే ఓ నార్వే నటి నటించారు. ఆమె గ్రెటా నిసెన్.

గ్రెటా 1906లో నేటి ఓస్లోలో పుట్టారు. అప్పట్లో ఆ నగరం పేరు క్రిస్టియానియా. బ్యాలే నర్తకిగా పేరు తెచ్చుకుని అమెరికా చేరారు. 1924లో బ్రాడ్‌వే నాటకం ‘బెగ్గర్ ఆన్ హార్స్‌బ్యాక్’లో వచ్చే మూకాభినయ ఘట్టంలో యువరాణిగా కనిపించారు. ఒక్క మాట పలకనక్కర్లేని ఆ పాత్రే ఆమెకు హాలీవుడ్ తలుపు తీసింది. 1925 నుంచి వరుసగా సినిమాలు చేశారు. రావుల్ వాల్ష్ ‘ది వాండరర్’, హోవార్డ్ హాక్స్ ‘ఫాజిల్’ వంటి మూకీల్లో ప్రధాన పాత్రలు ఆమెవే. తెర మీద భాష లేని రోజులవి. ఏ దేశం నటి అయినా ఏ దేశం అమ్మాయిగానైనా నటించవచ్చు.

1927 అక్టోబరులో ‘ది జాజ్ సింగర్’ విడుదలైంది. అదే నెలలో ‘హెల్స్ ఏంజెల్స్’ మూకీగా మొదలైంది. గ్రెటాది హెలెన్ అనే ఇంగ్లిష్ యువతి పాత్ర. షూటింగ్ సాగుతూ ఉండగానే కాలం టాకీలవైపు తిరిగింది. హ్యూస్ కూడా సినిమాను టాకీగా మార్చాలనుకున్నారు. విమానాల పోరాట దృశ్యాలకు శబ్దం జోడిస్తే సరిపోయింది. సంభాషణలున్న సన్నివేశాలను మాత్రం మళ్లీ తీయాల్సి వచ్చింది. నార్వే యాస ఇంగ్లిష్ యువతికి నప్పదని గ్రెటాను తప్పించి హార్లోను తీసుకున్నారు.

ఇక్కడో వింత ఉంది. ఆ సినిమాలో ఆక్స్‌ఫర్డ్‌లో చదివే బ్రిటిష్ అన్నదమ్ములుగా నటించిన బెన్ లియాన్, జేమ్స్ హాల్ ఇద్దరూ అమెరికన్లు. వాళ్ల అమెరికా యాస అలాగే ఉండిపోయింది. కొత్తగా వచ్చిన హార్లోదీ అమెరికాలోని కాన్సాస్ సిటీయే. అంటే అడ్డొచ్చింది ఇంగ్లిష్ యాస లేకపోవడం కాదు, పరాయి యాస ఉండటం.

అంతటితో గ్రెటా తెరమరుగు కాలేదు. ‘ట్రాన్స్అట్లాంటిక్’ (1931)లో నర్తకిగా, ‘ది సర్కస్ క్వీన్ మర్డర్’ (1933)లో సర్కస్ కళాకారిణిగా నటించారు. ‘విమెన్ ఆఫ్ ఆల్ నేషన్స్’ (1931)లో స్వీడన్ యువతి అయ్యారు. ఎక్కువగా యాసకు సరిపడే పాత్రలే దక్కాయి. తర్వాత బ్రిటన్‌కు వెళ్లి కొన్ని సినిమాలు చేసి, 1937తో నటనకు స్వస్తి చెప్పారు. 1988లో కాలిఫోర్నియాలో కన్నుమూశారు.

మూకీల్లోనూ టాకీల్లోనూ కలిపి పన్నెండేళ్లు తెర మీద నిలిచిన నటి ఆమె. సినిమా చరిత్ర మాత్రం ఆమెను, తాను కనిపించని ఒక్క సినిమా పేరుతోనే గుర్తుపెట్టుకుంది.