కోఠీ దొర హష్మత్ జంగ్

మోతీనగర్‌లో బస్సెక్కి కోఠీలో దిగినప్పుడల్లా నాకు జేమ్స్ కర్క్‌పాట్రిక్ దొర గుర్తుకొస్తాడు. అక్కడి రెసిడెన్సీ భవనం ఆయన కట్టించిందే.

1764లో మద్రాసులో పుట్టాడు. 1798లో హైదరాబాదులో ఈస్టిండియా కంపెనీ రెసిడెంటయ్యాడు. జీతం కంపెనీది, హష్మత్ జంగ్ బిరుదు నిజాముది. కంపెనీకి లాభించే ఒప్పందాలు కుదిర్చిన చేత్తోనే నిజాము మర్యాదా కాపాడాలని చూశాడు.

నవాబుల ఇంటిపిల్ల ఖైరున్నీసాపై మనసుపడి, 1800 ప్రాంతంలో ముస్లిం పద్ధతిలో నిఖా చేసుకున్నాడు. గవర్నర్ జనరల్ వెల్లస్లీ విచారణ జరిపించాడు. ఉద్యోగం మాత్రం నిలిచింది.

1805లో పిల్లలిద్దరినీ ఇంగ్లండు పంపాడు. అదే ఏడు అక్టోబరు 15న కలకత్తాలో కన్నుమూశాడు, వయసు 41. ఖైరున్నీసా 1813లో పోయింది. మళ్ళీ బిడ్డల మొహం చూడలేదు.

ఇద్దరు యజమానుల కొలువు ఎంత కష్టమో ఫైళ్ళు మోసిన మనకు తెలియనిదా? కానీ ఆ కొలువుకు మూల్యం చెల్లించింది ఆ తల్లే.