ఎదగరాని బాలుడు – బాబీ డ్రిస్కాల్

కీర్తి మనిషికి ఏ వయస్సులో లభిస్తే మేలు? ఈ ప్రశ్న తలపుకు వచ్చినప్పుడల్లా మాకు అమెరికా బాలనటుడు బాబీ డ్రిస్కాల్ జీవితం జ్ఞప్తికి వస్తుంది. అతడు జీవించినది ముప్పదియొక్క సంవత్సరాలు. అందులో వెలుగు నిండినవి పది మాత్రమే.

బాబీ 1937 మార్చి 3వ తేదీన అయోవా రాష్ట్రంలోని సీడార్ రాపిడ్స్‌లో జన్మించాడు. తండ్రి ఆరోగ్యం దృష్ట్యా ఆ కుటుంబం 1943లో కాలిఫోర్నియాకు తరలివెళ్ళింది. అక్కడ ఒక క్షురకుడు బాలుని చురుకుదనానికి ముచ్చటపడి, సినిమాలలో ప్రయత్నించమని తల్లిదండ్రులకు సలహా ఇచ్చాడు. ఆ మాట ఫలించి, ఆ సంవత్సరమే 'లాస్ట్ ఏంజెల్' అనే చిత్రంలో చిన్న వేషం లభించింది. ఆ తరువాత వాల్ట్ డిస్నీ సంస్థ అతనితో ఒడంబడిక చేసుకొని, 1946లో 'సాంగ్ ఆఫ్ ది సౌత్' చిత్రంలో ప్రధాన పాత్రను అప్పగించింది.

1949లో వచ్చిన 'ది విండో' అతని ప్రతిభకు గీటురాయి. మన 'నాన్నా పులి' కథ వంటిదే ఆ ఇతివృత్తం. కట్టుకథలు చెప్పే అలవాటున్న బాలుడొకడు నిజంగానే ఒక హత్యను కళ్ళారా చూస్తాడు. ఎంత మొరపెట్టినా ఎవరూ నమ్మరు. ఆ సంవత్సరపు నటనకు గాను 1950 మార్చిలో బాబీకి బాలనటుల ప్రత్యేక ఆస్కార్ బహుమానం లభించింది. ఆ యేడే 'ట్రెజర్ ఐలండ్' చిత్రంలో జిమ్ హాకిన్స్‌గా నటించాడు. ఆ క్రిస్మస్ నాడు ప్రసారమైన డిస్నీ సంస్థ తొలి టెలివిజన్ కార్యక్రమంలోనూ కనిపించాడు. 1953లో విడుదలైన 'పీటర్ పాన్'లో ఎన్నటికీ ఎదగని బాలునికి గళమిచ్చినవాడు కూడా ఇతడే.

కాని బాబీ ఎదిగాడు. ముఖాన మొటిమలు వచ్చాయి. పసితనపు సౌకుమార్యం తొలగింది. 1953లోనే సంస్థ ఒడంబడికను రద్దు చేసింది. సాధారణ పాఠశాలలో చేరితే, సహాధ్యాయులు పాత సినిమాలను ఎత్తిచూపి ఎగతాళి చేశారు. ఆ వేదనలో బాలుడు మాదకద్రవ్యాల పాలయ్యాడు. టెలివిజన్‌లో చిన్న వేషాలు కొన్ని దొరికినా, 1958లో వెలువడిన 'ది పార్టీ క్రాషర్స్'తో హాలీవుడ్ చిత్రజీవితం ముగిసింది. 1961లో చైనో కారాగారం, ఆపైన న్యూయార్కు వీధులు అతనికి ఆశ్రయమైనాయి.

1968 మార్చి 30వ తేదీన న్యూయార్కులోని ఒక పాడుబడిన ఇంటిలో ఆడుకొనబోయిన ఇద్దరు పిల్లలకు ఒక శవం కనిపించింది. ఎవరో ఎవరూ గుర్తించలేదు. హార్ట్ దీవిలోని అనాథల శ్మశానంలో పూడ్చిపెట్టారు. మరుసటి సంవత్సరం, మరణశయ్యపైనున్న తండ్రి కోసం తల్లి కుమారుని జాడ వెదకించగా, వ్రేలిముద్రల ఆధారంతో ఆ శవం బాబీదేనని తేలింది. ఒకనాడు లక్షలాది ప్రేక్షకులు ముద్దుగా చూసుకొన్న ముఖమది!

బాలనటుల సంపాదనలో కొంత భాగాన్ని వారి పేరనే భద్రపరచాలని కాలిఫోర్నియాలో 1939లోనే చట్టం వచ్చింది. జాకీ కూగన్ అనే బాలనటుడు తన ఆర్జనను పోగొట్టుకొన్న ఉదంతం దానికి కారణం. చట్టం ధనాన్ని కాపాడగలదు. చప్పట్లు ఆగిపోయిన తరువాతి ఒంటరితనం నుండి బాలుణ్ణి కాపాడలేదు. ఆ పని ఇంటివారిది, గురువులది, తోటివారిది.

ఉపాధ్యాయులమైన మేము కూడా బహుమతి తెచ్చిన విద్యార్థిని వేదిక నెక్కించి, వెనుకబడిన యేడు అతని పేరైనా తలచుకొనని సందర్భాలు లేకపోలేదు. ఆ పొరపాటు మాదేనని ఒప్పుకొంటున్నాము. విద్యార్థులారా! మీ తరగతిలో నిన్నటి విజేత నేడు వెనుక బెంచీలో మౌనంగా కూర్చుంటే, అతణ్ణి పాత గెలుపు గుర్తుచేసి నవ్వకండి. ప్రక్కన కూర్చోండి. బాబీకి ఆనాడు కరవైనది అటువంటి ఒక్క స్నేహితుడే అని మేము తలుస్తున్నాము.