వెంటిలేటర్‌కు ముందు ఇనుప డబ్బా: ఊపిరి యంత్రం చేసిన ఇంజనీర్ ఫిలిప్ డ్రింకర్ కథ

వెంటిలేటర్ మీద పెట్టారట.. ఈ మాట చెవిన పడితే చాలు, ఇంట్లో అందరి గుండె జారిపోతుంది. కరోనా రెండో వేవ్‌లో సోమల లాంటి మండల కేంద్రాల్లోనూ ఈ మాట అందరి నోటా నానింది. అప్పటిదాకా ఐసీయూ గడప తొక్కని వాళ్లు కూడా ఆక్సిజన్ బెడ్‌కూ, వెంటిలేటర్ బెడ్‌కూ తేడా చెప్పేంతగా తెలుసుకున్నారు.

అయితే ఇవాళ మనం చూసే వెంటిలేటర్ వేరు. దానికంటే ముందు వేలమందిని బతికించిన యంత్రం వేరు. ఇప్పటిది గొట్టం ద్వారా గాలిని ఊపిరితిత్తుల్లోకి తోస్తుంది. అప్పటిది అలా తోసేది కాదు. మనిషి ఒంటి చుట్టూ ఉన్న గాలిని బయటకు లాగేది. మొదటిది పాజిటివ్ ప్రెజర్, రెండోది నెగటివ్ ప్రెజర్. ఆ రెండో రకాన్ని ఆస్పత్రి వార్డుల్లోకి తెచ్చింది డాక్టర్ కూడా కాదు. ఫ్యాక్టరీల్లో దుమ్మెంత, గాలెంత అని లెక్కలు కట్టే ఓ ఇంజనీర్. ఆయనే ఫిలిప్ డ్రింకర్.

చదువుల కుటుంబం

డ్రింకర్ 1894 డిసెంబర్ 12న అమెరికాలోని పెన్సిల్వేనియా రాష్ట్రం హేవర్‌ఫర్డ్‌లో పుట్టారు. తండ్రి హెన్రీ స్టర్జిస్ డ్రింకర్ లీహై యూనివర్సిటీకి అధ్యక్షుడిగా పనిచేశారు. అన్న సెసిల్ శరీరధర్మ శాస్త్రవేత్త. చెల్లెలు క్యాథరిన్ డ్రింకర్ బోవెన్ జీవిత చరిత్రల రచయిత్రిగా పెద్ద పేరు తెచ్చుకున్నారు. ఇంతమంది మధ్య ఫిలిప్ ఇంజనీరింగ్ దారి పట్టారు. 1915లో ప్రిన్స్‌టన్‌లో డిగ్రీ పూర్తి చేసి, ఆ తర్వాత లీహైలో కెమికల్ ఇంజనీరింగ్ చదివారు.

1920ల్లో హార్వర్డ్ పబ్లిక్ హెల్త్ స్కూల్లో చేరారు. పరిశ్రమల్లో కార్మికులు పీల్చే గాలి, దుమ్ము, వెలుతురు.. ఇవే ఆయన పాఠాలు. అంటే మొదట ఆయన చూసిన వెంటిలేషన్ షెడ్డుకు, గనికి సంబంధించినది. మనిషి వెంటిలేషన్ తర్వాత వచ్చింది.

పిల్లి, పెట్టె, సిరంజి

ఆ రోజుల్లో నగరాల్లో వంటగ్యాస్ లీకై, కరెంటు షాక్ కొట్టి ఊపిరి ఆగిపోయేవాళ్లు చాలామంది ఉండేవారు. వాళ్లకు చేతులతో ఛాతీ నొక్కుతూ శ్వాస ఇవ్వాల్సి వచ్చేది. అలా ఎంతసేపని నొక్కుతారు? గంటల తరబడి ఆ పని చేసే యంత్రం కావాలి. న్యూయార్క్ గ్యాస్ కంపెనీ డబ్బుతో హార్వర్డ్‌లో పరిశోధన మొదలైంది అందుకే. పోలియో ఆలోచన తర్వాత కలిసింది.

డ్రింకర్ సహచరుడు లూయిస్ అగాసిజ్ షా. శ్వాసను కొలవడానికి ఒక పిల్లిని పెట్టెలో ఉంచి, తల మాత్రం బయటకు వదిలి, సందుల్లేకుండా మూసి ప్రయోగం చేసేవారు. పిల్లి ఊపిరి తీసినప్పుడల్లా పెట్టెలోని గాలి ఒత్తిడి మారేది. అది చూసిన డ్రింకర్‌కు తిరగేసి ఆలోచించాలనిపించింది. ఊపిరి వల్ల పెట్టెలో ఒత్తిడి మారుతోంది, మరి పెట్టెలో ఒత్తిడి మారిస్తే ఊపిరి ఆడుతుందా? కండరాలు కదలకుండా మందిచ్చిన పిల్లిని పెట్టెలో పెట్టి, సిరంజితో గాలి లాగుతూ, వదులుతూ చూశారు. గంటల పాటు ఆ పిల్లికి ఊపిరి ఆడింది.

ఇది ఎందుకు పనిచేసిందో తెలియాలంటే మన ఊపిరి సంగతి చూడాలి. ఊపిరితిత్తులు తమంతట తాము గాలిని పీల్చవు. వాటికి కండరాలు లేవు. కింద డయాఫ్రం దిగుతుంది, పక్కటెముకలు పైకి లేస్తాయి, ఛాతీ వెడల్పవుతుంది. లోపలి ఒత్తిడి బయటి గాలికంటే కాస్త తగ్గుతుంది. దాంతో గాలి ముక్కులోంచి లోపలికి వస్తుంది. సిరంజి పిస్టన్ వెనక్కి లాగితే మందు లోపలికి వచ్చినట్టే. అంటే మనం పుట్టినప్పటి నుంచీ నెగటివ్ ప్రెజర్‌తోనే ఊపిరి తీస్తున్నాం. పోలియో వైరస్ నాడులను దెబ్బతీసి ఆ కండరాలను పడేస్తే పిస్టన్ లాగేవాళ్లే ఉండరు. ఊపిరితిత్తులు బాగానే ఉన్నా పిల్లలు ఊపిరాడక చనిపోతారు.

డ్రింకర్, షా తయారు చేసింది మనిషి పట్టేంత ఇనుప రేకు పీపా. రోగి అందులో పడుకుంటే తల మాత్రం రబ్బరు పట్టీలోంచి బయటకు ఉంటుంది. గాలి లాగడానికి వాక్యూమ్ క్లీనర్ బ్లోయర్లు వాడారు. ఒత్తిడి తగ్గితే ఛాతీ లేస్తుంది, గాలి లోపలికి పోతుంది. ఒత్తిడి మామూలైతే ఛాతీ దిగి గాలి బయటకు వస్తుంది. రోగి కంటే ముందు డ్రింకరే అందులో పడుకుని చూసుకున్నారు.

ఐదు రోజులే..

1928 అక్టోబర్ 12. బోస్టన్ చిల్డ్రన్స్ హాస్పిటల్‌లో పోలియో సోకిన ఎనిమిదేళ్ల పాప స్పృహ తప్పి, ఒళ్లు నీలంగా మారిపోయి ఉంది. యంత్రంలో పెట్టి స్విచ్ వేశారు. కొద్ది నిమిషాల్లోనే పాపకు రంగు తేలింది, స్పృహ వచ్చింది. చూస్తున్న వాళ్లకు అది చావు నుంచి వెనక్కి తీసుకురావడమే.

కానీ ఆ పాప బతకలేదు. ఐదు రోజుల తర్వాత న్యుమోనియాతో చనిపోయింది. ఊపిరి ఇవ్వడం వేరు, ఊపిరితిత్తులను కాపాడటం వేరు అని మొదటి కేసులోనే తేలిపోయింది. ఆ తేడాను పూడ్చడానికి ఇంకో పాతికేళ్లు పట్టింది.

మరుసటి ఏడాది ఒక హార్వర్డ్ విద్యార్థి ఇదే యంత్రంతో కోలుకుని బయటపడ్డాడు. ఆ తర్వాత యంత్రానికి పేరొచ్చింది. పత్రికలు దాన్ని ఐరన్ లంగ్ అన్నాయి. అంటే ఇనుప ఊపిరితిత్తి. పోలియో సీజన్‌లో అమెరికా ఆస్పత్రుల హాళ్లలో ఈ పీపాలు వరుసగా ఉండేవి. కొన్ని వారాల తర్వాత కండరాలు కోలుకుని ఇంటికెళ్లిన పిల్లలు చాలామంది.

కోర్టుకెక్కిన ఊపిరి

డ్రింకర్ కథలో అంత బాగా అనిపించని భాగం ఇది. జాన్ హేవెన్ ఎమర్సన్ అనే మరో తయారీదారు 1931లో ఇంకా తేలికైన, చవకైన ఐరన్ లంగ్ తెచ్చారు. డ్రింకర్, హార్వర్డ్ పేటెంట్ ఉల్లంఘన అంటూ కేసు వేశారు. ఎమర్సన్ వెనక్కి తగ్గలేదు. ఇందులోని ప్రతి భాగం అంతకుముందే ఎవరో ఒకరు చేసిందేనని చూపించారు. ప్రాణాలు నిలిపే యంత్రం అందరికీ అందాలన్నది ఆయన వాదన. చివరకు డ్రింకర్ పేటెంట్లు చెల్లకుండా పోయాయి. ఆ కేసులో జనానికి మేలు జరిగింది ఎమర్సన్ గెలవడం వల్లే అనక తప్పదు.

డెన్మార్క్‌లో తిరగబడ్డ లెక్క

1952 వేసవిలో కోపెన్‌హేగన్‌ను పోలియో కమ్మేసింది. బ్లెగ్‌డామ్ హాస్పిటల్ దగ్గర ఉన్నది ఒకే ఒక్క పెద్ద ఐరన్ లంగ్, ఛాతీకి మాత్రమే తొడిగే చిన్న పరికరాలు ఆరు. ఊపిరాడని స్థితిలో వచ్చిన మొదటి 31 మందిలో 27 మంది చనిపోయారు.

యంత్రాల కొరత ఒక్కటే కారణం కాదు. ఈ రోగుల్లో చాలామందికి మింగే శక్తి పోయింది. ఉమ్మి, కఫం గొంతులో నిండేవి. నెగటివ్ ప్రెజర్ యంత్రం ఛాతీని లేపినప్పుడు గాలితో పాటు ఆ కఫం కూడా లోపలికి పోయేది. పైగా ఒళ్లంతా పీపాలో ఉంటే నర్సు చెయ్యి పెట్టి పక్కకు తిప్పడమే కష్టం.

మత్తు డాక్టర్ బ్యోర్న్ ఇబ్సెన్ ఆగస్టు చివర్లో పన్నెండేళ్ల బాలికపై వేరే దారి పట్టారు. మెడ దగ్గర శ్వాసనాళానికి రంధ్రం చేసి గొట్టం పెట్టారు. కఫాన్ని లాగేశారు. రబ్బరు సంచిని చేత్తో నొక్కుతూ గాలిని లోపలికి తోశారు. సైకిల్ ట్యూబుకు పంపు కొట్టినట్టు. ఆ అమ్మాయి బతికింది. తర్వాత దాదాపు 1,500 మంది విద్యార్థులు షిఫ్టుల వారీగా రోగుల పక్కన కూర్చుని నెలల తరబడి సంచులు నొక్కారు. దాదాపు 87 శాతంగా ఉన్న మరణాలు సగానికి పైగా తగ్గాయి. ఇవాళ్టి ఐసీయూ, పాజిటివ్ ప్రెజర్ వెంటిలేటర్ అక్కడి నుంచి ఊపందుకున్నవే. 2020లో విశాఖ మెడ్‌టెక్ జోన్‌లో తయారైన వెంటిలేటర్లూ ఆ వంశమే.

అలాగని కొత్తది అన్నిట్లో మేలని కాదు. గాలిని తోసినప్పుడు ఛాతీలో ఒత్తిడి పెరిగి గుండెకు తిరిగి రావాల్సిన రక్తం తగ్గుతుంది. ఎక్కువ తోస్తే ఊపిరితిత్తుల పొరలు దెబ్బతింటాయి. గొట్టం వల్ల ఇన్‌ఫెక్షన్ భయం, నోట్లో గొట్టం ఉన్నంత కాలం చాలామందికి మత్తు కూడా. ఐరన్ లంగ్‌లో ఉన్నవాళ్లు మెలకువగా ఉండి మాట్లాడేవారు, తినేవారు. కాకపోతే ఊపిరితిత్తులు గట్టిపడిన రోగికి ఆ పద్ధతి చాలదు.

ఛాతీ లోపలి నెగటివ్ ప్రెజర్ మదనపల్లె ప్రాంతానికి కొత్త సంగతేమీ కాదు. దగ్గర్లోని ఆరోగ్యవరం క్షయ శానటోరియానికి తొలి సూపరింటెండెంట్ కూడా డెన్మార్క్ డాక్టరే, క్రిస్టియన్ ఫ్రిమోట్ మోలర్. టీబీ మందులు రాని ఆ రోజుల్లో శానటోరియాల్లో సూదితో ఊపిరితిత్తి చుట్టూ గాలి ఎక్కించేవారు. అక్కడి నెగటివ్ ప్రెజర్ పోతే ఊపిరితిత్తి ముడుచుకుంటుంది, పుండుకు విశ్రాంతి దొరుకుతుంది. డ్రింకర్ వాడుకున్న సూత్రమే, ఇక్కడ తిరగేసి వాడారు.

దుమ్ము దగ్గరికే మళ్లీ

డ్రింకర్ మాత్రం జీవితమంతా ఐరన్ లంగ్ పట్టుకుని కూర్చోలేదు. 1936లో థియోడర్ హ్యాచ్‌తో కలిసి పారిశ్రామిక దుమ్ముపై పుస్తకం రాశారు. రెండో ప్రపంచ యుద్ధంలో నౌకా నిర్మాణ కేంద్రాల్లో కార్మికుల ఆరోగ్యం చూశారు.

ఇక్కడే ఇంకో మచ్చ. 1946లో ఆయన పేరు కూడా ఉన్న ఒక అధ్యయనం వచ్చింది. ఓడల పైపులకు ఆస్బెస్టాస్ చుట్టే 1,074 మందిని పరీక్షిస్తే ముగ్గురికే ఆస్బెస్టోసిస్ కనిపించింది. అందుకని ఇది ప్రమాదకరమైన పని కాదని తేల్చారు. కానీ ఆ కార్మికుల్లో అత్యధికులు ఆ పనిలో చేరి పదేళ్లు కూడా కాలేదు. ఆస్బెస్టాస్ ఊపిరితిత్తులను తినడానికి అంతకంటే ఎక్కువ కాలం పడుతుంది. ఆ తర్వాత ఏళ్ల తరబడి ఆస్బెస్టాస్ కంపెనీలు ఈ పేపర్‌నే చూపించుకున్నాయి.

1955లో సాల్క్ టీకా వచ్చాక అమెరికాలో ఐరన్ లంగ్‌ల అవసరం వేగంగా తగ్గిపోయింది. డ్రింకర్ 1972లో కన్నుమూశారు. ఆయన పోయాక కూడా కొందరు ఆ పీపాల్లోనే బతికారు. 1952లో ఆరేళ్ల వయసులో పోలియో సోకిన టెక్సాస్ వాసి పాల్ అలెగ్జాండర్ ఐరన్ లంగ్‌లో ఉంటూనే లా చదివి, లాయర్‌గా పనిచేసి, పుస్తకం రాసి, 2024 మార్చిలో 78 ఏళ్ల వయసులో మరణించారు.