బోరిస్ కార్లాఫ్

వెండితెరపై భయంకర పాత్రలకు పేరొందిన బోరిస్ కార్లాఫ్ 1887లో లండను నగరమున జన్మించెను. అసలు పేరు విలియం హెన్రీ ప్రాట్. తండ్రి భారతదేశమున ఉప్పు శాఖలో ఉద్యోగి. 1909లో కెనడా కేగి, నాటక సమాజములతో ఊరూరు తిరిగి, హాలీవుడ్ చేరెను. చిరుపాత్రలు చాలక లారీ నడిపియు పొట్ట పోసికొనెను.

1931లో, 44వ యేట, ‘ఫ్రాంకెన్‌స్టైన్’ చిత్రమున మాటలు రాని వికృతరూపుని పాత్ర లభించెను. వేషమునకే దినమునకు సుమారు 4 గంటలు పట్టెడిది. చిత్రారంభమున ఆయన పేరునకు బదులు ప్రశ్నార్థకము వేసిరి. అయినను ఆ మూగవాని కన్నులలోని వేదన ప్రేక్షకుల హృదయములను కరగించెను.

కీర్తి వచ్చినను తోటివారి కష్టమును మరువలేదు. నటుల పనిగంటలకు హద్దు లేని ఆ కాలమున, 1933లో సినిమా నటుల సంఘమును నిలబెట్టినవారిలో ఆయనయు నొకరు. పిదప టెలివిజనునందును రాణించి, 1969లో కీర్తిశేషుడయ్యెను.