నవాబ్ జాఫర్ జంగ్

నవాబ్ జాఫర్ జంగ్ (మరణం: 1907) హైదరాబాదు సంస్థానపు ప్రముఖులలో ఒకడు, నిజామియా వేధశాల స్థాపకుడు. ఈయన వృత్తిరీత్యా శాస్త్రవేత్త కాడు. అయినప్పటికీ ఈయన ముచ్చటపడి ఆరంభించిన కార్యం, మరణానంతరం తొమ్మిది దశాబ్దాలకు అంతరిక్ష ఉపగ్రహాల పరిశీలనలకు తోడ్పడింది.

వేధశాల స్థాపన

ఇంగ్లండులో విద్యాభ్యాసం చేసిన జాఫర్ జంగ్‌కు ఖగోళశాస్త్రంపై మక్కువ కలిగింది. 1901లో గ్రబ్ సంస్థ తయారుచేసిన 15 అంగుళాల దూరదర్శినిని కొని, హైదరాబాదు శివార్లలోని ఫిసల్‌బండలో వేధశాలను నెలకొల్పాడు. ఆరవ నిజాం మహబూబ్ అలీఖాన్ గౌరవార్థం దానికి నిజామియా అని పేరు పెట్టాడు. తన తదనంతరం దానిని ప్రభుత్వమే స్వీకరించాలని కోరాడు. ఈ కోరికే లేకుంటే ఆ పరికరాలు ఏ దివాణంలోనో అలంకారాలుగా మిగిలిపోయేవేమో.

మరణానంతరం

1908లో ప్రభుత్వం వేధశాలను స్వీకరించి, ఆర్థర్ ఛాట్‌వుడ్‌ను సంచాలకునిగా నియమించి, బేగంపేటకు తరలించింది. నవాబు ముచ్చటపడి కొన్న పెద్ద దూరదర్శిని మాత్రం 1922లో, టి.పి.భాస్కరన్ సంచాలకత్వంలో గాని పనిలోకి రాలేదు. అసలు కీర్తి తెచ్చినది 8 అంగుళాల కుక్ ఛాయాచిత్ర దూరదర్శిని.

ఆకాశాన్ని భాగాలుగా పంచుకొని నక్షత్రాలన్నిటినీ చిత్రించాలని 1887లో పారిస్‌లో వివిధ దేశాల వేధశాలలు సంకల్పించాయి. చిలీలోని శాంటియాగోకు కేటాయించిన దక్షిణ క్రాంతి 17 నుండి 23 డిగ్రీల భాగం ఆ తరువాత హైదరాబాదుకు వచ్చింది. 1914 నుండి 1929 వరకు 1,260 గాజు పలకలపై దానిని చిత్రించారు. పిదప జర్మనీలోని పోట్స్‌డామ్ వారి వాటాలో కొంత, ఉత్తర క్రాంతి 36 నుండి 39 డిగ్రీల వరకు, 592 పలకలపై 1938 నాటికి ముగించారు. పలకపై ప్రతి చుక్క స్థానాన్నీ సూక్ష్మదర్శినితో చూసి అంకెలలో వ్రాసుకోవాలి. అప్పటికి గణకయంత్రాలు లేవు. ఆ విధంగా 7,63,542 నక్షత్రాల స్థానాలు 12 సంపుటాలుగా వెలువడ్డాయి. ఈ కొలతలు కొలిచిన సహాయకుల శ్రమకు దక్కవలసిన గుర్తింపు దక్కలేదనే చెప్పాలి.

అంతరిక్ష పరిశోధనలో పాత్ర

ఐరోపా అంతరిక్ష సంస్థ 1989లో ప్రయోగించిన హిప్పార్కస్ ఉపగ్రహం 1993 వరకు నక్షత్రాల స్థానాలను కొలిచింది. నక్షత్రాలు అతి నెమ్మదిగా కదులుతాయి. ఆ కదలికను నిర్ణయించడానికి నాలుగేళ్ళ కొలత చాలదు. వెనుకటి తరం స్థానాలు కావాలి. అందువలన హైదరాబాదు సంపుటాలతో సహా ఆ అంతర్జాతీయ పట్టికను, మరి 143 పట్టికలను ఉపగ్రహ కొలతలతో పోల్చి, 2000లో సుమారు 25 లక్షల నక్షత్రాల టైకో-2 పట్టికను రూపొందించారు.

విశ్వవిద్యాలయంతో సంబంధం

వేధశాల 1919లో ఉస్మానియా విశ్వవిద్యాలయం అధీనంలోకి వచ్చింది. తార్నాకను ఆనుకొని ఉన్న విశ్వవిద్యాలయ ప్రాంగణంలో 1959లో ఖగోళశాస్త్ర శాఖ ఏర్పడింది. బేగంపేట చుట్టూ నగర దీపాలు పెరగడంతో పరిశీలనలకై రంగాపురం వద్ద 48 అంగుళాల దూరదర్శినిని 1968లో నెలకొల్పారు.