కొండరెడ్ల బతుకును కెమెరాలో దాచిన హైమెన్‌డార్ఫ్

జంగారెడ్డిగూడెం: పాపికొండల్లోని కొండరెడ్ల నిత్యజీవనాన్ని ఎనిమిది దశాబ్దాల క్రితమే కెమెరాలో బంధించిన పరిశోధకుడు క్రిస్టోఫ్ వాన్ ఫ్యూరర్ హైమెన్‌డార్ఫ్. ఆదిలాబాద్ గోండు గూడేల్లో తరతరాలుగా తలచుకునే ఈ పేరు మన మన్యంలో ఎరిగినవారు అరుదు.

1909లో ఆస్ట్రియా రాజధాని వియన్నాలో ఆయన జన్మించారు. మానవశాస్త్రం అభ్యసించి, 1936-37లో నాగా కొండల్లో పరిశోధన సాగించారు. 1939లో భార్య బెట్టీతో తిరిగి భారతదేశానికి చేరగానే రెండో ప్రపంచ యుద్ధం మొదలైంది. జర్మనీ పాస్‌పోర్టు ఉండటంతో శత్రుదేశస్థుడిగా పరిగణించి, హైదరాబాద్ సంస్థానానికే పరిమితం చేశారు. ఆ నిర్బంధమే ఆయనను తెలుగు అడవులకు చేర్చింది.

1940లో నల్లమల చెంచుల మధ్య గడిపి, 1941లో గోదావరి తీరానికి వచ్చారు. నాటి నిజాం రాజ్యంలోని పాల్వంచ తాలూకాకు చెందిన కోయిదా, పేరంటాలపల్లి ప్రాంతాల్లో దంపతులిద్దరూ పర్యటించారు. కొండవాలున చెట్లు నరికి కాల్చి, కర్రతో నేలను గుచ్చి గింజలు వేసే పోడు సేద్యం, జీలుగు కల్లు గీత, కరవు రోజుల్లో మామిడి జీడిని పిండిచేసి తినడం, వెదురు నరికే పని.. ఇవన్నీ ఆయన నమోదు చేశారు. కలప, వెదురు వ్యాపారుల అప్పుల్లో కొండరెడ్లు ఎలా చిక్కుకున్నారో కూడా దాచకుండా రాశారు. అందమైన దృశ్యాలతో సరిపెట్టుకోకపోవడమే ఆయన గొప్పతనం. ఆంగ్లేయులు బైసన్ కొండలుగా పిలిచిన ఈ పర్వతశ్రేణి పేరుతోనే 1945లో కొండరెడ్లపై గ్రంథం వెలువరించారు.

కుమురం భీం మరణానంతరం గోండుల అశాంతికి కారణాలు తెలుసుకునే బాధ్యతను నిజాం ప్రభుత్వం ఆయనకు అప్పగించింది. మార్లవాయిలో గుడిసె వేసుకొని ఉంటూ, భూములకు పట్టాలు, గోండి భాషలో చదువు కోసం కృషి చేశారు. 1949 తర్వాత లండన్‌లో ఆచార్యుడిగా పనిచేస్తూనే గోండులు, నాగాలు, నేపాల్ షేర్పాల జీవితాన్ని 16 ఎం.ఎం. కెమెరాతో చిత్రీకరించారు. 1970వ దశకం చివర్లో మళ్లీ తెలుగు గూడేలకు వచ్చి, ఇప్పించిన భూములు చాలావరకు పరుల చేతుల్లోకి పోవడం చూసి 1982లో మరో పుస్తకం రాశారు.

బెట్టీ 1987 జనవరిలో హైదరాబాద్‌లో మరణించగా మార్లవాయిలో సమాధి కట్టారు. 1995లో లండన్‌లో కన్నుమూసిన హైమెన్‌డార్ఫ్ చితాభస్మాన్ని 2012లో అక్కడికే తెచ్చారు. ఏటా జనవరి 11న గోండులు వారికి నివాళులర్పిస్తారు.

ఆయన తిరిగిన కోయిదా పరిసరాలు 2014లో పశ్చిమ గోదావరిలో, 2022లో ఏలూరు జిల్లాలో చేరాయి. వేలేరుపాడు మండలంలోని ఈ పల్లెలు పోలవరం ముంపులో ఉన్నాయి. 1941లో అక్కడ తీసిన ఛాయాచిత్రాలు మాత్రం లండన్ విశ్వవిద్యాలయానికి చెందిన ప్రాచ్య, ఆఫ్రికా అధ్యయన సంస్థ గ్రంథాలయంలో భద్రంగా ఉన్నాయి. వాటి ప్రతులను తెప్పించి జంగారెడ్డిగూడెంలో ఒక్కసారైనా ప్రదర్శిస్తే, తమ తాతముత్తాతలను గుర్తుపట్టే కొండరెడ్లు నేటికీ ఉండవచ్చు.